తుప్పు పట్టించిన ఆదివారం

నేను సినిమాలకు ప్రొడక్షన్ డిజైనర్‌నని చెబితే ఎదుటివాళ్ళు ముందుగా అడిగేది, "హీరోయిన్ బట్టలు మీరే కుట్టిస్తారా?" అని. రెండోది, "మరి మీరు సినిమాలో ఎక్కడ కనిపిస్తారు?" అని. ఒకప్పుడు ఓపిగ్గా చెప్పేదాన్ని. ఇప్పుడు చెప్పను. "మీరు చూసిన సినిమాలో గోడ ఉందా? అది మేం కట్టిందే. ఆ గోడ మీద నూనె తల ఆనించిన మరక ఉందా? అదీ మేం పెట్టిందే" అని గదమాయించి వచ్చేస్తాను. నా కోపం గురించి మా డిపార్ట్‌మెంటులో కథలు కథలుగా చెప్పుకుంటారు. అందులో సగం నిజాలే.

మా పని సగం కట్టడం, సగం పాడుచెయ్యడం. సెట్టులో ఇల్లు కడితే పెళ్ళిపందిరిలా కొత్తగా నిగనిగలాడుతుంది. అందులో మనుషులు ముప్పై ఏళ్ళుగా బతుకుతున్నట్టు కనిపించాలి. గడప మధ్యలో అరగాలి, తలుపు కింద చెక్క ఉబ్బాలి, గ్యాస్ పొయ్యి వెనక గోడ జిడ్డు పట్టాలి. ఇదంతా మేం చేతులతో, తప్పు లేకుండా చెయ్యాలి.

రామంతాపూర్‌లో ఇంటర్, ఆ తర్వాత ఫైన్ ఆర్ట్స్ కాలేజీ, ఆపైన పదకొండేళ్ళు ఒక పెద్ద ఆర్ట్ డైరెక్టర్ దగ్గర అసిస్టెంటుని. ఆయన మొదటి రోజు నాకిచ్చిన పని, అప్పుడే రంగు వేసిన గోడ మీద లైటు స్విచ్చి చుట్టూ వేళ్ళ మురికి పెట్టడం. పొద్దుటి నుంచి మధ్యాహ్నం దాకా కూర్చుని చక్కగా గుండ్రంగా పెట్టాను. ఆయన వచ్చి చూసి, "స్విచ్చి కోసం మనిషి కిందనుంచి తడుముతాడమ్మా, చుట్టూ ప్రదక్షిణ చెయ్యడు" అని మొత్తం చెరిపేశాడు. తిట్టినందుకు ఏడవాల్సింది పోయి నాకు ఒళ్ళంతా పులకరించింది. ఇంత సరదా అయిన పని భూమ్మీద ఉందా, దానికి మధ్యాహ్నం భోజనం కూడా పెడతారా అనుకున్నాను.

ఇంట్లో మాత్రం ఈ పనికి పూచికపుల్ల విలువ లేదు. కారణం మా నాన్న. ఆయన మల్లాపూర్ ఇండస్ట్రియల్ ఏరియాలో బీరువాల వర్క్‌షాపులో నలభై ఏళ్ళు స్ప్రే పెయింటరు. ఇనుప రేకు ఎలా వచ్చినా సరే, పుట్టీ పెట్టి, ఎమిరీ కాగితంతో రుద్ది, ప్రైమర్ కొట్టి, ఆపైన గన్ పట్టుకున్నాడంటే ఆ తలుపులో చూసుకుని బొట్టు పెట్టుకోవచ్చు. బీరువా కొనడానికి వచ్చినవాళ్ళు తలుపు మీద అరచెయ్యి పెట్టి నిమిరేవాళ్ళట. ఆ నిమరడం చూడటానికే ఆయన భోజనం కూడా మానుకుని షోరూం గుమ్మంలో నిలబడేవాడని అమ్మ చెబుతుంది.

అలాంటి మనిషికి నా ఉద్యోగం ఎలా అర్థమవుతుంది? "కొత్తదాన్ని ఖరాబు చేస్తవు, గోడకు మురికి పెడ్తవు. గీ పనికి చదువెందుకు బిడ్డా? మన గల్లీల అందరు ఉత్తగనే చేస్తున్నరు గదా" అనేవాడు. పదకొండేళ్ళు అదే మాట. నేను ఉడుక్కుని అన్నం సగంలో లేచిపోయేదాన్ని. కాసేపటికి ఆకలేసి మళ్ళీ వచ్చేదాన్ని.

చివరికి ఒక సినిమాకు నన్నే పూర్తి డిజైనర్‌గా పెట్టుకున్నారు. చిన్న సినిమా, కొత్త డైరెక్టర్. మా ఇంటికి పది నిమిషాల దూరంలో, నాచారంలో మూతపడ్డ ఒక ఫ్యాక్టరీ షెడ్డులో సెట్టు. ఒక విధవరాలు, ఒక గది, ఆ గది నడుమ ఒక పాత బీరువా. కథలో ముఖ్యమైన ఏడుపంతా ఆ బీరువాకు ఆనుకునే జరుగుతుంది. ఉప్పల్‌లో పాత సామాన్ల కొట్లో రాయిలాంటి గట్టి బీరువా దొరికింది. మూడు రోజులు దాని మీద తుప్పు పుట్టించాను. జిగురులో రంపపు పొట్టు, రెడ్ ఆక్సైడ్ కలిపి పొరలు పొరలుగా వేశాను. నిమ్మకాయ, ఉప్పునీళ్ళతో అంచులు తినిపించాను. రెండు సొట్టలు పెట్టాను. పని పూర్తయ్యాక దాని చుట్టూ తిరిగి, ఎవరూ చూడటం లేదని నిర్ధారించుకుని, ఒక ముద్దు కూడా పెట్టాను. పెదవికి జిగురు అంటుకుంది.

శుక్రవారం షూటింగ్ మొదలైంది. ఆ రోజే నేను ఒక తెలివితక్కువ పని చేశాను. భోజనాల వేళ గోడ గడియారం కొంచెం ఎత్తుగా ఉందనిపించి రెండంగుళాలు కిందికి దించాను. అప్పటికే ఆ గోడ ముందు సీను సగం తీసేశారు. మిగతా సగంలో గడియారం కిందికి వస్తే ప్రేక్షకుడు నవ్వుతాడు. మా భాషలో దీన్ని కంటిన్యూటీ తప్పు అంటారు. మా పనిలో అంతకు మించిన పాపం లేదు. గంటసేపు తీసింది మళ్ళీ తీశారు.

డైరెక్టర్ నన్ను పక్కకు పిలిచాడు. "మేడం, మీ పనితనం మీద నాకు అనుమానం లేదండి. కానీ ఇంకొక్క కంటిన్యూటీ తప్పు వస్తే నేను మిమ్మల్ని కాపాడలేను. ప్రొడ్యూసర్ గారు ఆల్రెడీ ఇంకొకరితో మాట్లాడి ఉంచారు" అన్నాడు. బీరువా దగ్గర ఏడుపు సగం తీశారు. మిగతా సగం సోమవారానికి పెట్టారు. పదకొండేళ్ళ తర్వాత వచ్చిన పని నాలుగు రోజుల్లో పోయేలా ఉంది.

శనివారం షూటింగ్ లేదు. అయినా మనసు ఆగక పొద్దున్నే షెడ్డుకు వెళ్ళాను. వెళ్ళేసరికి గేటు బయట పాత ఇనుము కొనేవాడి బండి మీద నా బీరువా తాళ్ళతో కట్టేసి ఉంది. వాచ్‌మన్ తల గోక్కుంటూ, "తుప్పువట్టిన డబ్బా అనుకున్న మేడం, ఊకె జాగ పట్టిందని ఇచ్చేసిన" అన్నాడు. నేను వాళ్ళిద్దరినీ దులిపేశాను. కానీ లోపల్లోపల ఎంత పొంగిపోయానో చెప్పలేను. రోజూ తుప్పుతోనే బతికేవాడు నా తుప్పు చూసి మోసపోయాడు! ఇంతకన్నా పెద్ద అవార్డు ఎవరిస్తారు? తిడుతూనే ఆ కొనేవాడిని, "నిజంగానే పాతది అనుకున్నవా అన్నా?" అని రెండుసార్లు అడిగాను.

ఇక దాన్ని అక్కడ ఉంచే ధైర్యం లేకపోయింది. ట్రాలీ ఆటో మాట్లాడి మా ఇంటికి తెచ్చి వరండాలో దింపించాను. నాన్న కళ్ళద్దాలు సవరించుకుని దాన్ని పైనుంచి కిందికి చూశాడు. ముఖంలో నొప్పి కనిపించింది. "ఎవ్వరు ముట్టకుండ చూడు నాయినా, సోమవారం షూటింగ్‌ల కావాలె" అని చెప్పి, సెట్టులో వంటింటి తలుపు పని మిగిలిందని మళ్ళీ షెడ్డుకు పరుగెత్తాను. సాయంత్రం వచ్చేసరికి వరండాలో బీరువా లేదు. "వానొస్తదని వెనక రేకుల కింద పెట్టిన" అన్నాడు నాన్న. ఎంత బాధ్యత అనుకుని హాయిగా పడుకున్నాను. ఆదివారం పొద్దున దమ్మాయిగూడలో ఎవరో పాత ఇల్లు కూల్చి తలుపులు అమ్ముతున్నారంటే చూడ్డానికి వెళ్ళాను.

మధ్యాహ్నం తిరిగొచ్చేసరికి మా వాకిట్లో జనం. పక్కింటి టీచరమ్మ గారు కూడా ఉన్నారు. గోదావరి జిల్లా నుంచి వచ్చి పాతికేళ్ళుగా మా పక్కనే ఉంటున్న లెక్కల టీచరు ఆవిడ. మధ్యలో దుప్పటి కప్పిన ఒక నిలువెత్తు ఆకారం. నాన్న కొత్త లుంగీ కట్టుకున్నాడు. నన్ను చూడగానే, "రా బిడ్డా, కండ్లు మూసుకో" అన్నాడు. నాకు విషయం అర్థమైంది. నోరు తెరిచేలోపే ఆయన దుప్పటి లాగేశాడు.

ఎండలో నా బీరువా ధగధగ మెరిసిపోయింది. సొట్టలు లేవు. తుప్పు లేదు. కొత్త హ్యాండిల్. అమ్మ పెట్టిన పసుపు బొట్లు, మీద మందారపు దండ. తలుపులో నా ముఖం నాకే కనిపించింది, నోరు తెరుచుకుని. గల్లీ వాళ్ళు చప్పట్లు కొట్టారు.

"మొఖం కనవడ్తాందా?" అన్నాడు నాన్న. "నువ్వు ఖరాబు చేసేది కొత్తవాటిని గద, గిదేమో జిగురు పెట్టి అతుకులేసిన పాతది. నువ్వు కొత్తగ చేరినవని నీకు తుప్పు డబ్బా అంటగట్టిన్రు బిడ్డా. సినిమాల నీ పేరు పడ్తది. గా బీరువా చూసి నా బిడ్డను ఎవ్వడన్న ఒక మాటంటే? అందుకే నిన్న నువ్వు పోంగనే మొదలువెట్టిన."

నేను వీధి అదిరేలా అరిచాను. ఏం అరిచానో సగం గుర్తు లేదు. "ఆ తుప్పు నేనే పెట్టిన! మూడు దినాలు కూసోని పెట్టిన! రేపు గదే తుప్పు లేకుంటే నన్ను తీసేస్తరు! నా నౌకరి పోయింది, నీ రంగుల పడి పోయింది!" అన్నది మాత్రం గుర్తుంది. పెనం మీంచి పొయ్యిలో పడటమంటే ఇదే. ఇనుము కొనేవాడి చేతి నుంచి కాపాడి నేరుగా మా నాన్న చేతిలో పెట్టాను. చప్పట్లు ఆగిపోయాయి. అమ్మ దండ తీసేసింది. నాన్న అరచేతులు లుంగీకి తుడుచుకున్నాడు. ఆ తర్వాత మెల్లగా, "ఫోటోలున్నయా?" అన్నాడు.

ఉన్నాయి. గడియారం దెబ్బతో భయపడి శుక్రవారం సాయంత్రం బీరువాను నాలుగు వైపులా తీసి పెట్టుకున్నాను. నాన్న ఫోను కంటికి దగ్గరగా పట్టుకుని, వేలితో పెద్దవి చేసుకుంటూ ఒక్కొక్కటీ చూశాడు. మూడో ఫోటో దగ్గర ఆగాడు.

"గీడ తుప్పెట్ల వస్తది?"

"ఏడ?"

"తలుపు నడుమ. ఇల్లు కడిగిన నీళ్ళు కాళ్ళకు తాకుతయి, కాళ్ళు తింటయి. తడి చేత్తో పట్టుకుంటరు, హ్యాండిల్ కింద తింటది. తలుపు నడుమకు ఏ నీళ్ళొస్తయి? ఉత్తగ అందానికి పెట్టినవా?"

నిజమే. అందానికే పెట్టాను. నా కోపం ఒక్కసారిగా ఎక్కడికో జారిపోయి, నవ్వొచ్చేసింది. ప్రపంచంలో తుప్పు గురించి అందరికన్నా ఎక్కువ తెలిసిన మనిషి మా ఇంట్లో ఉన్నాడు. నలభై ఏళ్ళు రిపేరుకొచ్చిన ప్రతి బీరువా తుప్పునూ గీకింది ఆయనే. నేను పదకొండేళ్ళు ఊరంతా తిరిగి నేర్చుకున్నాను గానీ, ఇంట్లో ఒక్కసారీ అడగలేదు.

"తప్పయినా గట్లనే పెట్టాలె నాయినా. శుక్రవారం కెమెరాల పడ్డది."

"తప్పని తెల్సి గూడ పెట్టాల్నా?"

"పెట్టాలె."

ఆయన ఆకాశం వైపు చూసి దండం పెట్టుకున్నాడు.

మొదట పాత రంగు తేలేదాకా కొత్త రంగు తీశాం. థిన్నరులో గుడ్డ ముంచి, పొద్దున తన చేత్తో కొట్టిన రంగును తన చేత్తోనే తుడిచాడు. అంతగా అరవకుండా ఉండాల్సింది. లోపలి అరలు కూడా తుడవబోతే, "లోపల వదిలెయ్, సీన్‌ల తలుపు తెరువరు" అన్నాను. ఆయన ముఖం కొంచెం తేలికపడింది. పాత హ్యాండిల్ చెత్త డబ్బాలో దొరికింది.

తర్వాత సొట్టలు. ఎడమ పక్క మోకాలి ఎత్తులో ఒకటి, వెనక ఒకటి. నాన్న సుత్తి ఎత్తాడు. దించాడు. మళ్ళీ ఎత్తాడు. మంచి రేకు మీద దెబ్బ వెయ్యడానికి ఆ చెయ్యి ఒప్పుకోవడం లేదు. మూడోసారి కూడా దించేసరికి టీచరమ్మ గారు ఇంట్లోకి వెళ్ళి రోకలి పట్టుకొచ్చారు.

"అన్నయ్యగారూ, మీ వల్ల కాదు గానీ ఇటు జరగండి. ముప్పై ఏళ్ళు పిల్లల్ని కొట్టకూడదన్నారని చేతులు కట్టుకుని కూర్చున్నాను" అని చీర కొంగు దోపుకుని ఒక్కటే దెబ్బ. ఫోటో పక్కన పెట్టి చూస్తే అచ్చం అదే సొట్ట. లెక్కల టీచరు కదా, కొలత తప్పలేదు. వీధి వీధంతా హో అని అరిచింది. అంతే, నేనంటే నేనని అందరూ సుత్తులు, పచ్చడి బండలు తెచ్చేశారు. రెండే సొట్టలు, రెండే అని నేను బీరువాకు అడ్డంగా చేతులు చాచి నిలబడాల్సి వచ్చింది. రెండో సొట్ట కోసం చీట్లు వేశాం. మా అమ్మ పేరు వచ్చింది. ఆవిడ దెబ్బ వేసి, వెంటనే బీరువాకు దండం పెట్టి చెంపలేసుకుంది.

ఆదివారం, కొట్లు మూశారు. రెడ్ ఆక్సైడ్ గుప్పెడే మిగిలింది, రంపపు పొట్టు లేదు. ఇక వంటింటి మీద పడ్డాం. జిగురు పూసిన చోట దాల్చినచెక్క పొడి చల్లితే, ఒట్టు, తుప్పే. నల్లబడ్డ చోట్లకు కాఫీ పొడి టీచరమ్మ గారిది. అంచులకు ధనియాల పొడి. నాన్న ముక్కు దగ్గర పెట్టుకుని చూసి, "కారం వద్దు, ఎర్రగైతది. తుప్పు ఎర్రగుండది, గోధుమ రంగుంటది" అని ఒక్కొక్క గిన్నె తిరగ్గొట్టాడు. అమ్మ వాటిని మళ్ళీ లోపలికి మోస్తూ, "గీ ఇంట్ల రేపు కూర ఎట్లొండుడు?" అంది. నేను ఫోను పట్టుకుని "ఇంకా కొంచెం ఎడమకు", "అక్కడ గోరంత" అని చెబుతుంటే ఆయన చిటికెతో చల్లాడు. తలుపు నడుమ ఆ తప్పు మరక పెడుతున్నప్పుడు మాత్రం కళ్ళు పక్కకు తిప్పుకున్నాడు. వెలుగు పోయేలోపు పని అయిపోయింది. బీరువా ముసలిదై, వాకిట్లో బిర్యానీ వాసన కొడుతూ నిలబడింది. మేమందరం దాని చుట్టూ కూర్చుని నవ్వీ నవ్వీ కడుపులు పట్టుకున్నాం.

సోమవారం ట్రాలీ ఆటోలో నాన్న కూడా ఎక్కాడు. "గుంతల కాడ పొడి రాలుతది" అని దారి పొడుగునా దాన్ని కావలించుకుని నిలబడ్డాడు. సెట్టులో బీరువా పెట్టించి, ఆయన్ను ఒక మూల స్టూలు మీద కూర్చోబెట్టి, "నోరు తెరవకు" అని ఒట్టు వేయించుకున్నాను.

డైరెక్టర్ వచ్చాడు. శుక్రవారం తీసింది మానిటర్‌లో వేసి, ఒక కన్ను దాని మీద, ఒక కన్ను బీరువా మీద పెట్టి చూశాడు. ఆయన తల ఊపి, "ఓకే, రెడీ" అన్నాడు. ఆయన అంతటితో ఊరుకోకుండా, "మేడం, ఏడుస్తూ తలుపు తెరిస్తే బాగుంటుందనిపిస్తోంది" అని, నేను అడ్డుపడేలోపే వెళ్ళి తెరిచేశాడు.

లోపల కొత్త రంగు తళతళలాడింది.

"ఇదేంటండి? బయట ఇంత తుప్పు, లోపల ఇంత కొత్తగానా?"

పని పోయినట్టే. అందరూ నా వైపే చూస్తున్నారు. అప్పుడు వెనక మూల నుంచి గొంతు వినిపించింది.

"లోపలికి ఎండ రాదు సార్, నీళ్ళు రావు. బయట ఎంత పాడైనా లోపలి రంగు పోదు. నేను ఎన్నో విప్పి చూసిన. లోపల ముసలిగ చేసిన్రంటే గది అబద్ధం."

"ఎవరండీ ఆయన?" అన్నాడు డైరెక్టర్. మా నాన్న అని చెబితే నిన్నటి కథంతా బయటికి లాగాలి. "మా డిపార్ట్‌మెంట్ అండి" అన్నాను. నాన్న స్టూలు మీద నిటారుగా కూర్చున్నాడు. డైరెక్టర్ కాసేపు ఆ అరల వైపు చూసి, "భర్త పోయినా ఆవిడ లోపల అన్నీ అలాగే ఉంచుకుంది, అంతే కదా" అని తనలో తాను అనుకుని, కెమెరాను లోపలికి తిప్పించాడు. నటి తలుపుకు నుదురు ఆనించి ఏడ్చింది. ఒకే టేకు. కట్ అనగానే కళ్ళు తుడుచుకుని, "ఎవరండీ బిర్యానీ తెచ్చారు? ఆకలేస్తోంది" అని చుట్టూ వెతికింది. అదృష్టం కొద్దీ కెమెరాకు ముక్కు ఉండదు.

నేను మూలకు వెళ్ళాను. నాన్న నా చెయ్యి పట్టుకుని దగ్గరకు లాక్కున్నాడు. "మొన్నటి దానికి దీనికి ఫరక్ ఎవరన్న పట్టిన్రా?" అని గుసగుసగా అడిగాడు.

"ఎవ్వరు పట్టలే నాయినా."

"గా డైరెక్టర్ గూడ?"

"ఆయన గూడ పట్టలే."

"మనం చేసినట్టు ఎవ్వరికి తెల్వదా?"

"ఎవ్వరికి తెల్వదు."

ఆయన రెండు చేతులతో నోరు మూసుకుని, భుజాలు కదిలిపోయేలా నవ్వసాగాడు. జీవితమంతా తను వేసిన రంగును జనం చూడాలనీ, చెయ్యి పెట్టి నిమరాలనీ గుమ్మంలో నిలబడ్డ మనిషి, ఎవరికీ కనపడనందుకు కళ్ళలో నీళ్ళు వచ్చేలా నవ్వాడు. నా ఉద్యోగం గురించి ఆయనకు నేను ఇన్నాళ్ళూ చెప్పలేకపోయింది అదే. నవ్వు ఆపుకోలేక ఆయన నా భుజం మీద తల వాల్చాడు, షాట్ మొదలవుతోంది నాయినా, మెల్లగా అంటూ నేనూ నవ్వుతున్నాను.